మూడు లాంతర్ల కూడలిలో

సోమవారం

విజయనగరం స్టేషన్ బయటికి వచ్చేసరికి ఇంకా పూర్తిగా తెల్లారలేదు. షేర్ ఆటోల వాళ్ళు మాత్రం "కాంప్లెక్స్, కోట, లాంతర్లు" అని పిలుపులు మొదలుపెట్టేశారు. లాంతర్లు అన్న ఆటో ఎక్కాను. స్టేషన్‌కి దగ్గర్లోనే పైడితల్లి అమ్మవారి వనంగుడి. డ్రైవరు ఒక చేత్తో హ్యాండిల్ పట్టుకుని రెండో చెయ్యి గుండెల మీద పెట్టుకున్నాడు. పక్కనున్న ఇద్దరు ఆడవాళ్ళూ కళ్ళు మూసి తెరిచారు. మూడు లాంతర్ల దగ్గర దిగాక, అక్కడున్న చదురుగుడి వైపు తిరిగి ముగ్గురూ మళ్ళీ దణ్ణం పెట్టుకున్నారు. ఈ ఊళ్ళో అమ్మవారికి రెండు గుళ్ళు, ఎక్కడికి వెళ్ళాలన్నా దారిలో ఏదో ఒకటి తగులుతుంది.

నేను ఒంగోలు నుంచి వచ్చింది ఈ కూడలి కోసమే. ఊళ్ళు చూడటానికి వెళ్ళినప్పుడల్లా కోటలు, గుళ్ళు, సముద్రాలు చూసి వచ్చేస్తాం. ఆ ఊరి మనుషులు పొద్దున లేచి ఎక్కడ నిలబడతారో, ఎక్కడ బేరమాడతారో, ఎవరికోసం ఎదురుచూస్తారో చూడకుండానే తిరుగు రైలెక్కుతాం. అలా కాకుండా ఒక్క కూడలిలోనే ఉండిపోవాలని నాకు చాలా కాలంగా కోరిక. విజయనగరాన్ని ఎంచుకోవడానికి కారణం ఉంది. గుడి, బజారు, గంటస్తంభం, కోట అన్నీ ఇక్కడ నడిచి వెళ్ళేంత దూరంలో ఉంటాయి. ఊరి పెద్ద పండగ జరిగేది కూడా రోడ్డు మీదే.

లాడ్జిలో సామాను పడేసి కిందికి దిగితే టీ కొట్టు దగ్గర జనం. న్యూస్ పేపర్ల కట్టలు నేల మీద విప్పి, అనుబంధాలు లోపల పెడుతూ సైకిళ్ళకి సర్దుతున్నారు. వాళ్ళకి కాస్త ఇవతల తాపీ, తట్ట, పార పట్టుకుని కూలీలు నిలబడ్డారు. ఎవరైనా బైకు మీద వచ్చి ఆగితే నలుగురైదుగురు చుట్టుముడతారు. "స్లాబు పనా? ప్లాస్టరింగా? ఎంతమంది?" రెండు నిమిషాల్లో మాట తెగుతుంది. ఇద్దరు బైకెక్కుతారు, మిగిలినవాళ్ళు మళ్ళీ గోడకి చేరగిలబడతారు. తొమ్మిది దాటాక కూడా మిగిలిపోయిన ఒక పెద్దాయనతో మాట కలిపాను. ఆయనది నెల్లిమర్ల వైపు పల్లె.

"ఈయాల ఇంకెవలు పిలుస్తారమ్మా, పొద్దెక్కిపోనాది. రేపు మంగళారం. గుడి కాడ జనం ఉంతారు. మోతబరువు పనేదైనా దొరుకుద్ది."

ఆయన టీ తాగి, గ్లాసు తానే కడిగి పెట్టి, ఆటో కోసం నిలబడ్డాడు. పని దొరకని రోజు కూడా రానూపోనూ ఛార్జీలు తప్పవు. కూలీ ఎంత పెరిగిందన్న లెక్క వేసేటప్పుడు ఈ ఛార్జీలను ఎవరూ తీసెయ్యరు.

మధ్యాహ్నం ఎండకి కూడలి సగం ఖాళీ అయింది. సాయంత్రం ఐదింటి నుంచి మళ్ళీ కదలిక. లాంతర్ల దగ్గర మొదలైన రద్దీ గంటస్తంభం దాకా సాగింది. బట్టల షాపులు, బంగారం కొట్లు, గాజుల బళ్ళు, చెప్పుల కుప్పలు. గంటస్తంభం 1885లో కట్టింది. ఎనిమిది పలకల రాతి కట్టడం, 68 అడుగుల ఎత్తు. దాని కింద ముంత మసాలా బండి దగ్గర నిలబడి మరమరాల పొట్లం తిన్నాను. ఉల్లిపాయ, టమాటా, నిమ్మరసం, వేయించిన వేరుశనగపప్పు. బండి అతను చెంచాతో కలుపుతూ డబ్బా అంచు మీద తాళం వేస్తుంటే పిల్లలు దాని చుట్టూనే తిరుగుతున్నారు.

మంగళవారం

మంగళవారం ఇక్కడ అమ్మవారిది. తెల్లవారుజాము నుంచే చుట్టుపక్కల పల్లెల జనం దిగారు. పసుపు రాసుకున్న కాళ్ళు, తడి జుట్టు, చేతిలో కొబ్బరికాయ, అరటిపళ్ళు, రవికెల గుడ్డ. కొత్త బైకులు, ఒక ట్రాక్టరు నిమ్మకాయలు తొక్కించుకోవడానికి వరసలో ఉన్నాయి. గుడి ముందు కొబ్బరికాయలమ్మే ఒక అమ్మ తన బల్ల పక్కన నాకు చోటిచ్చింది. చోటు ఇచ్చిందంటే ఊరికే కాదు, పూజ సామాను సంచుల్లో పెట్టే పని కూడా అప్పగించింది. రెండు కాయలు, డజను పళ్ళు, అగరొత్తులు, పసుపు కుంకుమ పొట్లాలు. పదిన్నర దాకా తల ఎత్తలేదు.

జనం పల్చబడ్డాక ఆవిడ అమ్మవారి కథ చెప్పింది. పైడితల్లి ఈ ఊరి రాజు విజయరామరాజుకి చెల్లెలు. అన్న బొబ్బిలి మీదికి యుద్ధానికి వెళ్తుంటే వద్దని బతిమాలింది. 1757లో ఆ యుద్ధం జరిగింది. బొబ్బిలి కోట నాశనమైంది, కాని బొబ్బిలి వీరుడు తాండ్ర పాపారాయుడి చేతిలో విజయరామరాజు కూడా పోయాడు. ఆ కబురుకి తట్టుకోలేక చెల్లెలు ప్రాణాలు విడిచి, పెద్దచెరువులో విగ్రహంగా దొరికిందని జనం నమ్మకం. చరిత్ర పుస్తకాల్లో ఈ యుద్ధం గురించి చదివినప్పుడు ఫ్రెంచి వాళ్ళు, వాళ్ళ సేనాని బుస్సీ, ఫిరంగులు గుర్తుంటాయి. ఇక్కడ గుర్తుపెట్టుకుని పూజిస్తున్నది మాత్రం యుద్ధం వద్దన్న ఆడపిల్లని. రెండువందల అరవై ఏళ్ళు దాటినా ఈ ప్రాంతంలో ఆడవాళ్ళు ఆమెని పరాయి దేవతలా తలుచుకోరు. "మా పైడమ్మ" అంటారు, ఇంట్లో ఆడపడుచు గురించి చెప్పుకున్నట్టే.

సిరిమాను సంగతి అడిగితే ఆవిడ కళ్ళు వెలిగాయి. విజయదశమి తర్వాత వచ్చే మంగళవారం ఆ పండగ. ముందు రోజు తొలేళ్ళు. ఫలానా చోట ఉన్న చింతచెట్టు కావాలని అమ్మవారు పూజారి కలలో చెబుతుందట. ఆ మానుని తెచ్చి చెక్కి, బండికి బిగించి, చివర పీట కట్టి, దాని మీద పూజారి కూర్చుంటాడు. చదురుగుడి నుంచి కోట దాకా మూడుసార్లు తిప్పుతారు. ముందు పాలధార, బెస్తవారి వల, అంజలి రథం, తెల్ల ఏనుగు నడుస్తాయి. జనం అరటిపళ్ళు విసురుతారు. రాజవంశీకులు కోట బురుజు మీద నుంచి చూస్తారు.

"ఆ దినం ఈ రోడ్డు మీద ఇసకేస్తే రాలదు. నాను ఈ బల్లెత్తీసి, పిల్లల్ని పట్టుకుని ఆ మేడ మెట్ల మీద నిలబడతాను. పెద్దల కాలం నుంచి మాది అదే చోటు."

పండగ రోజున ఏ ఇంటి వాళ్ళు ఏ అరుగు మీద నిలబడాలో, ఏ పల్లె జనం ఏ సందులోంచి రావాలో ఇక్కడ అందరికీ తెలుసు. ఏ కాగితం మీదా లేదు. ఆమె చూపించిన మెట్లు ఇప్పుడు ఒక సెల్‌ఫోన్ షాపువి. షాపు యజమాని మారినా ఆ రోజు మాత్రం ఆ మెట్లు వీళ్ళవే.

లాంతర్ల స్తంభం గురించి కూడా ఆవిడే మొదలుపెట్టింది. ఈ కూడలికి పేరు తెచ్చిన పాత స్తంభాన్ని 2020లో కూడలి బాగుచేసే పనుల్లో కూల్చేశారు. అప్పుడు ఊళ్ళో పెద్ద గొడవే అయింది. పత్రికల్లో రాశారు, పెద్దవాళ్ళు బాధపడ్డారు. "ఇప్పుడు వచ్చే పిల్లలకి తెలీదు గాని, దారి చెప్పాలంటే ఆ స్తంభం కాడే మొదలెట్టీవోళ్ళం" అంది. కూల్చినా ఆటో పిలుపులు మారలేదు. నాకు ఇందులో ఓదార్పు కనిపించలేదు. పాతది నిలబెట్టుకుంటూనే రోడ్డు వెడల్పు చేయడం సాధ్యం కాని పని కాదు. అది ఎక్కడుందో, దాని నీడన ఎవరు కూర్చుంటారో ఒక్క పూట వచ్చి చూస్తే చాలు.

బుధవారం

ఈ రోజంతా పనసపొట్టు దగ్గరే గడిచింది.

మార్కెట్ దారిలో ఒక చెట్టు కింద గోనె పరుచుకుని ఒకామె కూర్చుంది. పక్కన లేత పనసకాయలు. ముందు చెక్క మొద్దు, చేతిలో బరువైన కత్తి. ఊరు శృంగవరపుకోట దాటాక ఉన్న పల్లె. ఆ పైన అనంతగిరి కొండలు మొదలవుతాయి. పనసచెట్లు అక్కడ విరగ్గాస్తాయి. కొండ మీది వాళ్ళు కాయలు దింపితే ఈమె కొని, తెల్లవారకుండానే బస్సు మీద వేసుకుని వస్తుంది.

కాయ దొరకగానే పొట్టు కాదు. ముందు చేతులకీ కత్తికీ నూనె రాసుకుంటుంది. లేకపోతే పనస పాలు అంటుకుని రెండు రోజులైనా వదలవు. పైన ముళ్ళ తొక్క మందంగా చెక్కేస్తుంది. తెల్లటి కండ బయటపడ్డాక మొద్దు మీద పెట్టి కొట్టడం మొదలవుతుంది. టకటకటక. ముందు నిలువుగా గాట్లు, తర్వాత అడ్డంగా, తర్వాత కుప్పని మళ్ళీ దగ్గరికి లాగి ఇంకోసారి. కాయ తిరుగుతూ ఉంటుంది, కత్తి ఒకే చోట పడుతూ ఉంటుంది. పొట్టు సన్నటి రవ్వలా రాలేదాకా ఆగదు. ఇంట్లో ఈ పని చేసుకోవాలంటే సగం రోజు పడుతుంది, చేతులు బొబ్బలెక్కుతాయి. అందుకే ఉద్యోగాలకి వెళ్ళే ఆడవాళ్ళు, పెళ్ళిళ్ళ వంటవాళ్ళు ఈమె దగ్గరికి వస్తారు.

మేం కూర్చున్నంత సేపట్లో ఎందరు వచ్చారో! ఒక బ్యాంకు ఉద్యోగి స్కూటీ ఆపి, దిగకుండానే పొట్లం తీసుకుని వెళ్ళింది. ఒక ముసలాయన పొట్టు చేతిలోకి తీసుకుని, గింజ ముదిరిందా అని వేలితో నలిపి చూశాడు. "ముదురైతే నీకెందుకు ఇస్తాను మాయ్యా, ఇరవయ్యేళ్ళ బేరం" అని ఈమె కోప్పడింది. ఆయన నవ్వుతూ డబ్బులిచ్చాడు. ఒక కుర్రవాడు వాళ్ళమ్మకి వీడియో కాల్ చేసి, ఫోన్ పొట్టు మీదికి తిప్పి, ఇంత చాలా, ఇంకొంచెమా అని అడిగాడు. ఫోన్‌లోంచి ఆ అమ్మ నేరుగా ఈమెతోనే బేరం మొదలుపెట్టింది. చివరికి పది రూపాయలు తగ్గించుకుంది కూడా.

ఆమెకి ఇద్దరు ఆడపిల్లలు. పెద్దది నర్సింగ్ చదువుతోంది, విశాఖలో. సీజను మూడు నాలుగు నెలలే. పనస ముదిరి పండుకొచ్చాక తొనలమ్ముతుంది. తర్వాత సీతాఫలాలు, తర్వాత చిక్కుడుకాయలు. ఏడాది పొడుగునా కొండ ఏది ఇస్తే అది ఈ చెట్టు కిందికి వస్తుంది.

"ఎవరైనా లేవమంటారా ఇక్కణ్ణుంచి?" అని అడిగాను.

"లేవమన్నప్పుడు లేస్తాం తల్లీ. జీపు వస్తాది. మొద్దు ఎత్తుకుని సందులోకి ఎల్తాను. జీపెల్లిపోతే మళ్ళీ వస్తాను. కత్తి పట్టుకుపోతారేమోనని బయం, అదొకటీ. ఈ కత్తి కమ్మరోడు కొట్టిచ్చింది, బజార్న దొరకదు."

ఆ మొద్దు నేను ఎత్తి చూశాను. రెండు చేతులా పట్టినా నడుం దాకా రాలేదు. దాన్ని భుజాన వేసుకుని సందులోకి పరిగెత్తడం ఎలాగో నాకు ఊహకి అందలేదు.

సాయంత్రం నాలుగింటికి ఈదురుగాలి లేచింది. దుమ్ము, ఆకులు, ప్లాస్టిక్ సంచులు, ఆ వెంటనే పెద్ద పెద్ద చినుకులు. అందరం మూసి ఉన్న ఒక షాపు చూరు కింద చేరాం. పనసపొట్టు ఆమె, పుచ్చకాయల బండి అతను, ట్రాఫిక్ కానిస్టేబుల్, స్కూలు పిల్లలు, వయొలిన్ పెట్టె చున్నీలో చుట్టుకుని గుండెలకి హత్తుకున్న ఒక అమ్మాయి. మహారాజా సంగీత కళాశాల విద్యార్థిని. ఆ కళాశాల 1919లో మొదలైంది. ఆదిభట్ల నారాయణదాసు తొలి ప్రిన్సిపాల్. ద్వారం వెంకటస్వామినాయుడు వయొలిన్ నేర్పింది అక్కడే, ఘంటసాల చదివిందీ అక్కడే. ఆ పేర్లన్నీ నేనే గడగడా చెప్పేస్తుంటే ఆ అమ్మాయి ఓపిగ్గా విని, "ఇప్పుడు రేపటి పాఠం రావాలి మేడమ్, వర్ణం రెండో కాలం దొర్లడం లేదు, టెన్షన్‌గా ఉంది" అంది. వాన తగ్గగానే పెట్టె తడవకుండా కానిస్టేబుల్ తన రెయిన్‌కోటు ఆమెకి కప్పి ఆటో ఎక్కించాడు. కోటు ఆటోవాడి చేతికిచ్చి పంపమన్నాడు. ఆటో అతను పావుగంటలో తెచ్చి ఇచ్చాడు.

గురువారం

పొద్దున్నే పాసింజరు దిగిన కొండవాళ్ళు తలల మీద చీపుళ్ళ కట్టలతో వచ్చారు. రాయగడ మీదుగా రాయ్‌పూర్ వెళ్ళే లైను విజయనగరం దగ్గరే విడిపోతుంది. పార్వతీపురం ఏజెన్సీ జనానికి ఈ ఊరు ఆ లైనుతోనే దగ్గరైంది. కొండచీపుళ్ళు, అడ్డాకుల కట్టలు, చింతపండు ముద్దలు. 1956లో పెట్టిన గిరిజన సహకార సంస్థ ఇలాంటి అటవీ ఉత్పత్తులే కొంటుంది. అయినా కొందరు సొంతంగా ఊళ్ళకి తెచ్చి అమ్ముకుంటారు. చేతికి వెంటనే డబ్బొస్తుంది కదా అన్నారు.

వాళ్ళలో ఒకావిడకి తెలుగు తక్కువ. ధర వేళ్ళ మీద చెబుతోంది. కొనేవాళ్ళు సగానికి అడుగుతున్నారు. ఆమె తల అడ్డంగా ఊపి కట్ట పక్కకి తీసేస్తోంది. నాకు కోపం వచ్చింది, దాచుకోను. కొండ ఎక్కి గడ్డి కోసి, ఎండబెట్టి, దులిపి, కట్ట కట్టి, రైలులో నిలబడి తెచ్చిన చీపురుకి సగం ధర అడగడం ఎలా వస్తుందో మనకి! పక్క షాపులో ప్లాస్టిక్ చీపురు మీద అచ్చు వేసిన ధరకి నోరు మెదపం. పుచ్చకాయల బండి అతను మాత్రం ఆమెకి ఒక ముక్క కోసి ఇచ్చాడు, డబ్బులు తీసుకోలేదు. వాళ్ళిద్దరికీ ఒకరి భాష ఒకరికి రాదు. అయినా రోజూ ఆమె తన గోనె అతని బండి దగ్గరే వదిలి నీళ్ళకి వెళ్తుందట.

మధ్యాహ్నం లాడ్జిలో నిద్ర. ఎండ భరించలేనంతగా ఉంది.

శుక్రవారం

గంటస్తంభం దగ్గరి ఒక సందు మొదట్లో కుట్టుమిషన్ పెట్టుకుని కూర్చునే ఆయనకి నా సంచి జిప్పు బాగుచేయమని ఇచ్చాను. అరవై దాటిన మనిషి. గుడ్డ పట్టుకునే తీరు మామూలు టైలర్‌లా లేదు. బరువు లాగి చూసి మరీ కుట్టు వేస్తున్నాడు. అడిగితే చెప్పాడు, పాతికేళ్ళు జూట్ మిల్లులో పనిచేశాడట. గోనె సంచులు కుట్టిన చెయ్యి.

ఈ జిల్లా, పక్కన శ్రీకాకుళం, ఒకప్పుడు గోగునారకి పెట్టింది పేరు. రైతులు గోగు కోసి కట్టలు కట్టి చెరువుల్లో ఊరవేసేవారు. నీళ్ళలో దిగి నార ఒలిచి, ఉతికి, ఆరేసేవారు. ఆ నార మిల్లులకి పోయేది. వానలు తగ్గి చెరువుల్లో నీళ్ళు లేకపోవడం, కూలీ ఖర్చు పెరగడం, ప్లాస్టిక్ సంచులు రావడం అన్నీ కలిసి గోగు పంటని తగ్గించేశాయి. మిల్లులు మూతపడటం, కొన్నాళ్ళు తెరవడం, మళ్ళీ లాకౌటు. ఆయన అలాంటి ఒక లాకౌటులో బయటికి వచ్చి, ఇంట్లో ఉన్న పాత మిషన్ రిక్షా మీద ఇక్కడికి తెచ్చుకున్నాడు.

"మిల్లులో సైరన్ మోగితే వెళ్ళేవాళ్ళం, సైరన్ మోగితే వచ్చేవాళ్ళం. ఇక్కడ ఎవరూ మోగించరు. అయినా నేను ఆరింటికే వచ్చేస్తానమ్మా. అలవాటు."

కుడిచేతి చూపుడువేలు గోరు చీలి ఉంది. సూది దిగిన పాత గాయం. జిప్పుకి ఇరవై రూపాయలు తీసుకుని, సంచి అడుగున చిరుగుపట్టబోయే చోట అడగకుండానే రెండో కుట్టు వేశాడు. దానికి డబ్బులు వద్దన్నాడు.

ఆయన దగ్గర వీధి వ్యాపారుల గుర్తింపు కార్డు ఉంది. జేబులో ప్లాస్టిక్ కవరులో పెట్టుకున్నాడు. 2014లో వచ్చిన వీధి వ్యాపారుల చట్టం గురించి ఇక్కడ కొంతమందికి తెలుసు, చాలామందికి తెలియదు. ఆ చట్టం ప్రకారం సర్వే చేసి కార్డులిచ్చేదాకా ఎవరినీ లేపకూడదు. లేపాల్సి వస్తే ముందుగా నోటీసు ఇవ్వాలి. పట్టణ కమిటీలో నూటికి నలభై మందికి తక్కువ కాకుండా వ్యాపారులే ఉండాలి, వాళ్ళలో మూడోవంతు ఆడవాళ్ళు. సామాను పట్టుకుపోతే జాబితా రాసివ్వాలి. వీధి వ్యాపారులకి అప్పులివ్వడానికి 2020 జూన్‌లో మొదలైన స్వనిధి పథకంలో తొలి విడత పదివేల అప్పు ఈయనకి వచ్చింది. దానితో మిషన్‌కి మోటారు పెట్టించుకున్నాడు. నెలనెలా కట్టి తీర్చేశాడు కూడా.

నాకు వెంటనే గుర్తొచ్చింది పనసపొట్టు ఆమె, ఆ మొద్దు. సీజను వ్యాపారం, ఊరు బయటి పల్లె, సర్వేకి వచ్చిన రోజు ఆమె చెట్టు కింద లేకపోయి ఉంటుంది. కార్డు లేదు. ఒకే వీధిలో ఒకరికి చట్టం జేబులో ఉంది, ఇంకొకరు జీపు చప్పుడుకి లేచి పరిగెత్తాలి. ఆయనకి ఆమె సంగతి చెప్పాను. "చెట్టు కింద పనసపొట్టు అప్పా? తెలుసు. సోమవారం ఆఫీసుకి తీసుకెళ్తాను, ఆధార్ తెచ్చుకోమనండి" అన్నాడు, మిషన్ ఆపకుండానే.

కూడలి అందంగా ఉండాలని ఎవరికైనా ఉంటుంది. నాకూ ఉంది. దీపాలు పెట్టండి, మొక్కలు పెట్టండి, రోడ్డు వెడల్పు చేయండి. కాని ఆ బొమ్మ గీసేటప్పుడు మొద్దుకో చోటు, కుట్టుమిషన్‌కో నీడ, చీపుళ్ళ కట్టకో గట్టు, పొద్దున తాపీ పట్టుకుని నిలబడేవాళ్ళకి మంచినీళ్ళ కుళాయి, ఆడవాళ్ళకి ఒక మరుగుదొడ్డి ముందు గీయాలి. ఇన్ని రోజులు ఇక్కడ కూర్చున్న నాకు కూడా అన్నిటికంటే కష్టమైంది ఆ చివరిదే. లాడ్జి గది ఉంది కాబట్టి నాకు జరిగిపోయింది. పొద్దున నాలుగింటికి బయల్దేరి రాత్రికి ఇల్లు చేరే ఆమెకి ఏముంది? మధ్యాహ్నం నీళ్ళు తాగడమే మానేస్తానంది.

రాత్రి తొమ్మిది దాటాక కాంప్లెక్స్ వైపు నడిచాను. హైదరాబాద్ బస్సుల కోసం కుటుంబాలు కుటుంబాలుగా కూర్చున్నాయి. బియ్యం సంచి, ఆవకాయ డబ్బా, చుట్టిన దుప్పట్లు. ఒక చిన్నవాడు సంచి మీదే నిద్రపోయాడు. వాళ్ళ నాన్న భవనాల పని, అమ్మ అపార్ట్‌మెంటులో వాచ్‌మన్ గది చూసుకుంటుంది. పిల్లవాడి పరీక్షలు అయ్యాయని తీసుకెళ్తున్నారు. పండక్కి వస్తారా అని అడిగాను. "సంకురాత్రికి రాపోయినా సిరిమానుకి వచ్చీవల్సిందే" అన్నాడు ఆ తండ్రి.

శనివారం

మధ్యాహ్నం రైలు. పొద్దున కోట వైపు వెళ్ళాను. 1713లో కట్టిన కోట. లోపల ఇప్పుడు కాలేజీలు. గేటు దగ్గర పిల్లల సైకిళ్ళు, ఐసు బండి, జిరాక్సు కొట్లు. కోట ముందు బొంకులదిబ్బ. గురజాడ అప్పారావు తన 'కన్యాశుల్కం' నాటకానికి తెర తీసింది ఈ దిబ్బ మీదే. నూట ముప్పై ఏళ్ళ కిందట కూడా ఆయన మనుషుల్ని నిలబెట్టి మాట్లాడించడానికి ఎంచుకున్నది ఊరి బహిరంగ స్థలాన్నే. ఇంటి గోడల మధ్య బయటపడనివి అక్కడ బయటపడతాయని ఆయనకి తెలుసు. ఒక కుర్రవాడు పోటీ పరీక్షల పుస్తకం తిరగేస్తూ కూర్చుంటే పక్కన కూర్చున్నాను. గ్రూప్ టూకి చదువుతున్నాడట. ఊళ్ళో ఏ ఉద్యోగం వస్తే బాగుంటుందని అడిగితే మున్సిపల్ కమిషనర్ అన్నాడు, ఏమాత్రం ఆలోచించకుండా. అయితే మొదటి రోజు లాంతర్ల దగ్గర ఒక పూట కూర్చోమని చెప్పాను. సరే మేడమ్ అని పుస్తకం అట్ట మీద రాసుకున్నాడు.

వెనక్కి వస్తూ చెట్టు దగ్గర ఆగాను. పనసపొట్టు ఆమె నా కోసం ఒక కాయ విడిగా తీసి పెట్టింది. సోమవారం ఆధార్ తెచ్చుకోమని చెబితే, చీర కొంగున ముడి విప్పి చూపించింది. ఆధార్ జిరాక్సు ఎప్పుడూ దగ్గరే ఉంటుందట, రేషను కార్డుది కూడా. కుట్టుమిషన్ ఆయన సంగతి తనకి తెలుసని, వాళ్ళావిడ తన దగ్గరే పొట్టు కొంటుందని చెప్పింది.

పొట్టు కొట్టి, పసుపు కొద్దిగా చల్లి, అడ్డాకులో చుట్టి, పైన తడిగుడ్డ కట్టింది. ఒంగోలు చేరేదాకా పాడవదని హామీ ఇచ్చింది. డబ్బులు తీసుకుంటూ వంట కూడా అప్పగించింది.

"ఎల్లగానే ఉప్పు, పసుపు ఏసి ఉడకబెట్టీ. నీళ్ళు పిండీసి, చింతపండు పులుసులో మగ్గనియ్యి. పోపులో జీడిపప్పు, ఇంగువ, ఎండుమిరపకాయలు బాగా పడాల. ఆవ మట్టుకు పొయ్యి మీద ఉండగా పెట్టకు తల్లీ, చేదొచ్చెస్తాది. దించీసి, చల్లారినాక, నూనెలో కలిపి పెట్టు. పొద్దున పెట్టింది రాత్రికి తిను, అప్పుడే రుచి."